ఖాళీ కడుపుతో బయలుదేరే గువ్వ

గత వేసవి మొదట్లో ఇస్నాపూర్ నుంచి ఒక సోదరి మాకు ఒక ప్రశ్న పంపారు. ప్రశ్న చిన్నదే. జవాబు వెతకబోతే మాత్రం మేము చాలా దూరం వెళ్ళవలసి వచ్చింది.

వాళ్ళది ఒకే గది ఇల్లు, పైన రేకులు. భర్త పాశమైలారంలోని ఒక కంపెనీలో కాంట్రాక్టు మీద షిఫ్టు డ్యూటీలు చేస్తాడు. ముగ్గురు పిల్లలు, చిన్నదానికి ఎనిమిదో నెల. కిటికీ బయట స్టాండు మీద ఉన్న పాత కూలర్‌ను చలికాలమంతా ముట్టుకోలేదు. మార్చిలో దాన్ని తుడిచి గడ్డి మారుద్దామని వెళ్తే, కూలర్ పైన కిటికీ చువ్వలకు ఆనుకుని ఒక ఫాఖ్తా నాలుగు పుల్లలు పేర్చుకుని కూర్చుని ఉంది. దాని కింద రెండు తెల్లటి గుడ్లు. కూలర్ ఆన్ చేస్తే ఆ అదురుకు గూడు నిలవదు. ఆన్ చేయకపోతే రేకుల కింద పసిపిల్ల ఉడికిపోతుంది. గూడు తీసేస్తే గునాహ్ అవుతుందా అని ఆమె అడిగారు.

మేము వెంటనే జవాబు రాయలేదు. ఆ పక్షి గుడ్లు పొదగడానికి ఎన్నాళ్ళు పడుతుందో, పిల్లలు ఎగరడానికి ఎన్నాళ్ళు పడుతుందో ముందు తెలుసుకుందామనుకున్నాం. సహనం వహించమని చెప్పేవాడికి ఎన్ని రోజులు సహించాలో కూడా తెలిసి ఉండాలి కదా! చంటిపిల్ల ఉన్న తల్లికి ఊరికే 'సబర్ చెయ్యమ్మా' అని రాసి పంపడం చాలా తేలిక.

ఎవరీ ఫాఖ్తా?

మన ఇళ్ళలో ఉర్దూ మాట్లాడేవారు ఫాఖ్తా అంటారు, తెలుగులో గువ్వ. పావురం వేరు, గువ్వ వేరు. హైదరాబాద్‌లో మక్కా మసీదు ముందు గుంపులుగా వాలేవి పావురాలు. గువ్వ అంతకంటే చిన్నది, నాజూకైనది, ఎక్కువగా జంటగా తిరుగుతుంది. పటాన్‌చెరు, సంగారెడ్డి వైపు రెండు మూడు రకాల గువ్వలు కనిపిస్తాయి. మెడ వెనుక నల్లని గీత ఉండే బూడిదరంగు గువ్వ ఒకటి. మెడ వెనుక నలుపు మీద తెల్లచుక్కలు ఉండే పొద గువ్వ ఒకటి. కూలర్ల మీదకు, మీటరు డబ్బాల మీదకు చనువుగా వచ్చేది మాత్రం వీటికంటే చిన్నది. 1862-64 మధ్య మన దేశపు పక్షుల గురించి గ్రంథం రాసిన జెర్డన్, దీని తెలుగు పేరును 'చిట్టి బెళ్ళ గువ్వ'గా నమోదు చేశాడు.

జానెడు కంటే కాస్త ఎక్కువ పొడవు. తూచితే 100 గ్రాములకు అటూ ఇటూ. ఒళ్ళు మట్టిరంగు, తల, మెడ లేత గులాబి, రెక్క అంచున నీలిబూడిద రంగు, గొంతు కింద ఎర్రమట్టి రంగు మీద నల్లచుక్కల పట్టీ, ఎర్రటి కాళ్ళు. ఆడదీ మగదీ చూడటానికి ఒకేలా ఉంటాయి. కూత మెల్లగా, లోలోపల నవ్వుకుంటున్నట్లు ఉంటుంది. అందుకే ఆంగ్లేయులు దానికి నవ్వే గువ్వ అని పేరు పెట్టారు.

ఆఫ్రికాలో, అరేబియాలో, అక్కడి నుంచి ఇరాన్ మీదుగా మన దేశం దాకా ఈ పక్షి ఉంది. 1766లో లిన్నేయస్ దీన్ని శాస్త్ర గ్రంథాలకెక్కించినప్పుడు ఆఫ్రికాలోని సెనెగల్ పేరు పెట్టాడు. మన వైపు రకానికి గుజరాత్‌లోని ఖంభాత్ రేవు పేరు వచ్చింది. ఆస్ట్రేలియాలోని పెర్త్ నగరంలో 1898లో కొన్నిటిని వదిలితే అక్కడా స్థిరపడ్డాయి. హజ్‌కో ఉమ్రాకో వెళ్ళినవారు హిజాజ్ నేల మీద కాస్త తల దించి చూస్తే మన ఇస్నాపూర్ గువ్వే అక్కడా గింజలేరుకుంటూ కనిపిస్తుంది.

అరబ్బులకు ఈ జాతి పక్షులు బాగా తెలుసు. హిజ్రీ 8వ శతాబ్దంలో ఈజిప్టు పండితుడు దమీరీ జంతువుల మీద రాసిన పెద్ద గ్రంథంలో ఫాఖ్తాకు కూడా చోటిచ్చాడు. ఫాఖ్తాను అబద్ధాలకోరుగా చెప్పే సామెత ఒకటి అరబ్బులలో ఉండేది. ఖర్జూరపు చెట్టుకు ఇంకా గెల కూడా రాకముందే పండ్లు పండాయని అది కూస్తుందట! పాపం, కూత వినేవాడి ఆకలి అర్థం చెప్పుకుంటే దానికి పక్షి ఏం చేస్తుంది?

సౌర్ గుహ ముఖద్వారం వద్ద పావురాలు గూడు పెట్టాయన్న కథను కూడా ఇక్కడ చాలామంది గుర్తు చేస్తారు. పిల్లలకు చెప్పడానికి బాగుంటుంది. కాని ఆ కథనపు పరంపర బలహీనమైనదని హదీసు పండితులు తేల్చారు. గువ్వ మీద దయ చూపడానికి మనకు బలహీనమైన కథతో పనిలేదు, బలమైన హదీసులే కావలసినన్ని ఉన్నాయి.

నేల మీద ఉపాధి

హజ్రత్ ఉమర్ (రజి) ఉల్లేఖించిన ఒక హదీసు తిర్మిజీ గ్రంథంలో ఉంది. అల్లాహ్ మీద ఉంచవలసిన రీతిలో భరోసా ఉంచితే, పక్షులకు ఇచ్చినట్లే మనకూ ఆయన ఉపాధి ఇస్తాడనీ, అవి ఉదయం ఖాళీ కడుపుతో బయలుదేరి సాయంత్రం నిండిన కడుపుతో తిరిగివస్తాయనీ దైవప్రవక్త (స) అందులో తెలిపారు. జుమా ప్రసంగాలలో ఈ మాట ఎన్నిసార్లు విన్నామో లెక్కలేదు. విన్నాక ఎప్పుడైనా ఒక పక్షిని పొద్దున్నుంచి సాయంత్రం దాకా చూశామా?

చూడండి. ఫజ్ర్ నమాజు అయి ఇంకా వెలుగు సరిగా రాకముందే ఇస్నాపూర్ చౌరస్తాలో మొదటి షిఫ్టుకు వెళ్ళేవారు టిఫిను డబ్బాలు పట్టుకుని ఆటోల కోసం నిలబడతారు. వారి కాళ్ళకు పది అడుగుల దూరంలో గువ్వ కూడా డ్యూటీ ఎక్కుతుంది. చిలక లాగా కంకి మీద వాలదు. గద్ద లాగా వేటాడదు. నేల మీద నడుస్తుంది. అడుగడుగుకూ తల ముందుకు ఆడిస్తూ, లారీలోంచి జారిన ధాన్యం, గడ్డిలోంచి రాలిన విత్తనం, టీకొట్టు ముందు పడిన నూక ఒక్కొక్కటీ ఏరుకుంటుంది. అప్పుడప్పుడు చీమలు, చెదపురుగులు కూడా తింటుంది గాని, దాని అసలు భోజనం రాలిన గింజే. పళ్ళు లేవు కనుక గింజను నమలదు, అలాగే మింగుతుంది. గొంతు కింద ఉన్న సంచిలో కొంతసేపు నిల్వ ఉంచి, తర్వాత కందనకాయలోకి పంపుతుంది. గింజలతోపాటు మింగిన సన్నని ఇసుకరాళ్ళు అక్కడ తిరగలిలా పనిచేస్తాయి. అంటే అది గింజను మాత్రమే కాదు, నేలను కూడా కొంత కడుపులో వేసుకుంటుంది. ఈ మాట గుర్తుంచుకోండి, దీనితో మనకు పని ఉంది.

భరోసా అంటే చేతులు ముడుచుకుని కూర్చోవడం కాదని, పక్షి గూట్లోంచి బయలుదేరిందని హదీసులోనే ఉందని పండితులు పూర్వం నుంచీ చెబుతూ వచ్చారు. అది నిజమే. అయితే ఎక్కడికి బయలుదేరింది? మనం తొక్కే నేల మీదికే. మనం కోసి వదిలేసిన మళ్ళలోకి, మనం పారబోసిన చోటికి.

ఎండు గింజలు తినే పక్షికి దాహం ఎక్కువ. పండ్లు, పురుగులు తినేవాటికి ఆహారంలోనే కొంత నీరు దొరుకుతుంది. గువ్వకు ఆ వీలు లేదు, రోజూ నీటి దగ్గరికి వెళ్ళక తప్పదు. చాలా పక్షులు ఒక్కో గుక్క నోట్లోకి తీసుకుని తల పైకెత్తి మింగుతాయి. గువ్వ, పావురం మాత్రం ముక్కు నీళ్ళలో ముంచి పశువుల్లా ఒక్క బిగిన పీల్చుకుంటాయి. నేల మీద ఎక్కువసేపు తల దించి ఉండటం ప్రమాదం కనుక త్వరగా తాగి వెళ్ళిపోయే ఏర్పాటును వాటిని పుట్టించినవాడు చేశాడు. సుబ్‌హానల్లాహ్!

కూలర్ మీద గూడు

గూడు కట్టడంలో మాత్రం గువ్వకు ఏ పనితనమూ లేదు. గిజిగాడి గూడు చూసిన కళ్ళతో దీన్ని చూస్తే నవ్వొస్తుంది. మగది ఒక్కొక్క పుల్ల తెచ్చి ఇస్తే ఆడది కూర్చున్నచోటే కిందకు దోపుకుంటుంది. కింది నుంచి చూస్తే పుల్లల సందుల్లోంచి గుడ్లు కనిపిస్తాయి. ముళ్ళపొద, నిమ్మచెట్టు, కిటికీ చూరు, కూలర్, ఏదైనా దానికి ఒకటే. గుడ్లు రెండు. 13 నుంచి 15 రోజులు పొదుగుతుంది.

పొదిగేది తల్లి ఒక్కతే కాదు. పగలు ఎక్కువసేపు మగది కూర్చుంటుంది, సాయంత్రం నుంచి మర్నాడు పొద్దెక్కేదాకా ఆడది. మన పారిశ్రామికవాడ భాషలో చెప్పాలంటే డే షిఫ్టు, నైట్ షిఫ్టు. పైగా రిలీవర్ రానిదే ఎవరూ సీటు దిగరు.

పిల్లలు కళ్ళు మూసుకుని, ఒంటి మీద పలుచని నూగుతో పుడతాయి. అప్పుడు జరిగేది మరీ ఆశ్చర్యం. తల్లిదండ్రులిద్దరి గొంతుసంచి లోపలి పొర ఉబ్బి, పెరుగులాంటి పదార్థంగా ఊడివస్తుంది. అందులో మాంసకృత్తులు, కొవ్వు దండిగా ఉంటాయి. పిల్లలు తల్లి నోట్లో, తండ్రి నోట్లో ముక్కు పెట్టి దాన్ని తాగుతాయి. పక్షులలో ఇలా పాలవంటిది ఇచ్చేవి గువ్వలు-పావురాల జాతి, రాజహంసలు, అంటార్కిటికాలోని ఒక జాతి పెంగ్విన్లు మాత్రమే. ఆడదానికి వచ్చే పాలు మగదానికీ వస్తాయి! బిడ్డకు పాలసీసా పట్టడం ఆడపని అనుకునే మన సోదరులు కొందరు ఈ వాక్యాన్ని మళ్ళీ ఒకసారి చదువుకోవచ్చు.

కొన్ని రోజులయ్యాక ఆ పాలలో నానిన గింజలు కలుస్తాయి. సుమారు రెండు వారాలకు పిల్లలు ఎగురుతాయి. చాలా చిన్న పక్షులు పిల్లల కోసం పురుగులు దొరికే కాలం దాకా ఆగాలి. గువ్వకు గింజ, నీరు దొరికితే చాలు, అదే పాలవుతుంది. అందుకే దాదాపు ఏ నెలలోనైనా గూడు పెడుతుంది. మార్చిలో కూలర్ మీదైనా సరే.

ఈ లెక్క తేలాక ఆ సోదరికి జవాబు రాశాం. పసిబిడ్డ ప్రాణం ముందు. బిడ్డకు వేడివల్ల హాని కలుగుతుందన్న భయం నిజంగా ఉంటే గూడు తీయడంలో దోషం లేదు. అయితే ఇది మార్చి, రాత్రులు ఇంకా కొంత చల్లగానే ఉంటాయి. మొత్తం నెల రోజుల పని, అందులో కొన్ని రోజులు అప్పటికే గడిచాయి. రేకుల పైన సున్నం చిక్కగా పూయించండి, మధ్యాహ్నం గోనెపట్టాలు తడిపి పరచండి, తలుపుకు తడిచీర కట్టి టేబుల్ ఫ్యాను పెట్టండి. గూటిని పక్కకు జరుపుదామని మాత్రం చూడవద్దు. చోటు మారితే తల్లి దాన్ని వదిలేసి వెళ్ళే ప్రమాదం ఉంది.

ఆ జవాబుతోపాటు ఒక హదీసును గుర్తు చేశాం. ఒక ప్రయాణంలో సహచరులు ఒక చిన్న పక్షి పిల్లలు రెండింటిని పట్టుకున్నారు. తల్లి వచ్చి రెక్కలు కొట్టుకుంటూ పైన తిరగసాగింది. దైవప్రవక్త (స) అది చూసి, దీని పిల్లలను తీసి దీన్ని బాధపెట్టిందెవరని అడిగి, వాటిని తిరిగి ఇచ్చేయమని ఆజ్ఞాపించారు. అబ్దుల్లాహ్ బిన్ మస్ఊద్ (రజి) ఉల్లేఖించిన ఈ హదీసు అబూదావూద్‌లో ఉంది.

మన నేల సంగతి

సోదరసోదరీమణులారా! ఇంతవరకు వినడానికి హాయిగా ఉంది. ఇప్పుడు ఆ గువ్వ వాలే నేల దగ్గరికి వద్దాం.

పటాన్‌చెరులో రెండు రకాల నేలలు పక్కపక్కనే ఉన్నాయి. ఒకటి 1972లో ఏర్పడిన ఇక్రిశాట్. జొన్న, సజ్జ, కంది, శనగ, వేరుశనగల మీద పరిశోధన చేసే అంతర్జాతీయ సంస్థ. వేల ఎకరాల పొలాలు, చెరువు, గట్ల మీద గడ్డి. 200కు పైగా పక్షి జాతులు అక్కడ కనిపించాయి. గువ్వకు అది స్వంత ఇల్లు. పంట కోసిన తర్వాత రాలిన గింజలే దాని వాటా. కోతరోజున పంటలోని హక్కు ఇచ్చివేయమని దివ్య ఖుర్ఆన్ (6:141) ఆదేశిస్తున్నది. పేదలెవరూ తోటలోకి రాకముందే తెల్లవారుజామున కోసేద్దామని ప్రమాణాలు చేసుకున్న తోట యజమానుల ఉదంతం ఖలమ్ సూరాలో ఉంది. పొద్దున్నే వెళ్ళి చూస్తే తోట మాడి మసై ఉంది. నాటిన మొక్క నుంచి, విత్తిన పంట నుంచి మనిషి గాని, పక్షి గాని, పశువు గాని తింటే అది ఆ ముస్లిముకు దానంగా రాయబడుతుందని అనస్ (రజి) ఉల్లేఖనంలో ఉంది. బుఖారీ, ముస్లిం రెండింటిలోనూ ఆ హదీసు ఉంది. రాలిన గింజకు కూడా పుణ్యం!

అయితే ఇప్పుడు రాలేది ఏ గింజ? విత్తనానికి పురుగు పట్టకుండా మందు పూసి, గుర్తుగా గులాబి రంగో ఎరుపో వేసి అమ్ముతున్నారు. విత్తేటప్పుడు సాళ్ళ బయట పడిన గింజలను మట్టి కప్పకుండా వదిలేస్తాం. రంగు హెచ్చరిక మనిషికి, గువ్వకు అది చదవడం రాదు. ఇలాంటి కొన్ని మందుల విషయంలో చిన్న పక్షి జబ్బు పడటానికి కొద్ది గింజలే చాలునని పరిశోధనలలో తేలింది. ఫోరేట్ గుళికల లాంటివి ఇసుకరాయిలాగే ఉంటాయి. గువ్వ కందనకాయ కోసం ఇసుకరాళ్ళు ఏరుకుంటుందని పైన చెప్పుకున్నాం. ఫోరేట్‌ను 2020 డిసెంబర్ 31 తర్వాత మన దేశంలో నిషేధించారు. ఎవరి ఇంటి మూలనైనా పాత సంచి మిగిలి ఉంటే దయచేసి పొలంలో చల్లకండి, గట్టు మీద పారబోయకండి.

రెండో నేల పారిశ్రామికవాడ. 1970లలో మొదలైంది. పటాన్‌చెరు, బొల్లారం, పాశమైలారం, ఇలా పెరుగుతూ పోయింది. మన ఇళ్ళలో ఎంతమందికి దానివల్లే పొయ్యి వెలుగుతోందో మనకు తెలుసు. కనుక కంపెనీలు మూసేయండని కేకలు వేయడం మా ఉద్దేశం కాదు. కాని ఇసుకవాగు, నక్కవాగు సంగతి కూడా మనకు తెలుసు. ఆ నీరు చివరికి మంజీరలో కలుస్తుంది. ఈ కాలుష్యం మీద 1990లోనే కేసు సుప్రీంకోర్టు దాకా వెళ్ళింది. 2007లో స్వీడన్ శాస్త్రవేత్తల బృందం ఒక పరిశోధన ప్రచురించింది. సుమారు 90 మందుల తయారీ సంస్థల వ్యర్థజలం చేరే ఉమ్మడి శుద్ధి కేంద్రం నుంచి, శుద్ధి అయిన తర్వాత బయటికి వచ్చిన నీటిని వారు పరీక్షించారు. సిప్రోఫ్లోక్సాసిన్ అనే యాంటీబయాటిక్ మందు ఒక లీటరులో 31 మిల్లీగ్రాముల దాకా ఉంది. ఆ మాత్ర మింగిన రోగి రక్తంలో ఉండేదానికంటే అది ఎక్కువ! 2009లో అదే బృందం చుట్టుపక్కల చెరువుల్లో, ఊరి బావుల్లో కూడా మందుల అవశేషాలు ఉన్నాయని తెలిపింది. తర్వాత ఆ కేంద్రపు నీటిని గొట్టాల ద్వారా అంబర్‌పేట మురుగుశుద్ధి కేంద్రానికి పంపే ఏర్పాటు చేశారు.

గువ్వ రోజూ నీళ్ళు తాగాలని చెప్పుకున్నాం. ఒక్క బిగిన పీల్చుకుంటుందనీ చెప్పుకున్నాం. అది తిన్నదీ తాగిందే మర్నాడు పిల్లల నోట్లో పాలవుతుందనీ చెప్పుకున్నాం.

ఒక స్త్రీ పిల్లిని కట్టేసి చంపినందుకు నరకానికి పాత్రురాలయిందన్న హదీసు మనకు కంఠతా వచ్చు. ఆమె నేరం ఏమిటో ఆ హదీసులోనే రెండు ముక్కలుగా ఉంది. తాను తిండి పెట్టలేదు, అదొకటి. నేల మీద దొరికేది తిననివ్వనూ లేదు, అది రెండోది. మొదటి ముక్కను అందరం గుర్తుంచుకుంటాం, గిన్నెడు నూకలు చల్లి తృప్తి పడతాం. రెండో ముక్క మన పటాన్‌చెరు కోసం ఉంది. పక్షిని కట్టేయనక్కర్లేదు. నేలను, నీటిని పాడుచేస్తే అది రెక్కలుండి కూడా కట్టివేయబడినట్లే.

నమల్ సూరాలో ఒక చీమ తోటి చీమలను పుట్టల్లోకి వెళ్ళిపొమ్మని హెచ్చరిస్తుంది. సులైమాన్ (అలై) సైన్యం తెలియకుండా తొక్కేస్తుందేమోనని దాని భయం. తెలియకుండా అన్న మాట గమనించండి. ఆ చీమ ఒక మహాసైన్యానికి కూడా మంచి మనసుతో సాకు వెదికి ఇచ్చింది. 2007 తర్వాత మనకు ఆ సాకు మిగిలిందా?

ఇదే విషయం మీద ఒక యువకుడు మమ్మల్ని అడిగిన ప్రశ్న ఉంది. ట్యాంకర్ నడుపుతాడు. శుద్ధి కేంద్రానికి తీసుకెళ్ళవలసిన నీళ్ళను రాత్రిపూట వాగు పక్కన వదిలేసి రమ్మని యజమాని చెబుతున్నాడట. డీజిలు మిగులుతుంది, ట్రిప్పుకు అదనంగా డబ్బులిస్తాడు. కాదంటే రేపటి నుంచి రావద్దంటాడు. ఇంట్లో పెళ్ళికి ఇద్దరు చెల్లెళ్ళున్నారు. 'నేను వాల్వు మాత్రమే తిప్పుతాను, పాపం యజమానిదే కదా?' అని అడిగాడు.

ఆ అబ్బాయి కష్టం నిజమైనది, దాన్ని మేము తేలిగ్గా తీసుకోలేదు. కాని జవాబు మాత్రం కాదనే చెప్పాము. విధేయత మంచి విషయంలోనే అని దైవప్రవక్త (స) స్పష్టంగా తెలిపారు. నీటి రేవుల్లో, దారి మధ్యలో, నీడపట్టున మలవిసర్జన చేయడాన్ని శాపానికి కారణమయ్యే మూడు పనులుగా హెచ్చరించారు. ఒక మనిషి మలినానికే ఆ మాట అయితే, ట్యాంకరు నిండా రసాయనానికి ఏ మాట? వాల్వు తిప్పేది చెయ్యే. రేపు ఆ చెయ్యే సాక్ష్యం చెబుతుంది. అతడు పది రోజులు ఖాళీగా ఉండి, తర్వాత తక్కువ జీతానికి ఇటుకల లారీ ఎక్కాడు. ఆ పది రోజులూ జమాఅతులోని నలుగురు అతని ఇంటికి బియ్యం, పప్పు పంపారు. ఆ నలుగురు లేకపోతే మా జవాబు కాగితం మీద మిగిలేది. మస్జిదు కమిటీలు ఈ సంగతి ఆలోచించాలి. హలాల్ కోసం ఉద్యోగం వదిలిన వాణ్ణి ఆదుకోవడానికి మన బైతుల్‌మాల్‌లో ఒక పద్దు ఉందా?

ఇంట్లో చేయగలిగినవి

పిల్లలతో చేయించదగ్గ పనులు కొన్ని ఉన్నాయి. వెడల్పాటి మట్టి మూకుడులో నీళ్ళు పోసి పెట్టండి. రోజూ పారబోసి, రుద్ది కడిగి మళ్ళీ నింపండి. కలిసి తాగే నీటి ద్వారా గువ్వలకు, పావురాలకు గొంతులో పుండ్లు పడే జబ్బు అంటుకుంటుంది. అంతేకాదు, నిల్వ నీటిలో దోమలు పెరుగుతాయి. గింజలు వేస్తే జొన్నలో సజ్జలో పిడికెడు చాలు. ఉప్పూ మసాలా ఉన్న బిర్యానీ మెతుకులు వద్దు. మూకుడు గోడ మూలన కాకుండా నాలుగు వైపులా కనిపించే చోట పెట్టండి. పిల్లి మనకు ఇష్టమైన జంతువే, కాని నేల మీద తినే పక్షికి అదే పెద్ద శత్రువు. తెల్లవారు జామున దాన్ని కాసేపు ఇంట్లోనే ఉంచితే దానికేమీ నష్టం లేదు.

గులేరుతో గువ్వలను కొట్టే పిల్లలు మన బస్తీల్లో ఇంకా ఉన్నారు. షరీఅతు ప్రకారం గువ్వ హలాల్ పక్షే, కాని 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం దాన్ని వేటాడనివ్వదు. ఈ పిల్లలు తినడానికి కూడా కొట్టరు, గురి చూసుకోవడానికి కొడతారు. ఒక పక్షిని కట్టి బాణాలు వేస్తున్న యువకులను ఇబ్ను ఉమర్ (రజి) చూశారు. ఆయన్ని చూడగానే వారు చెదిరిపోయారు. ప్రాణమున్న దాన్ని గురిగా పెట్టేవారిని దైవప్రవక్త (స) శపించారని ఆయన వారికి తెలిపారు. గాలిపటాల నైలాన్ మాంజా కూడా ఇంచుమించు ఇదే కోవలోది. 2017లో జాతీయ హరిత ట్రిబ్యునల్ నిషేధించినా మన దుకాణాలలో చాటుగా అమ్ముతూనే ఉన్నారు.

గువ్వలు కొల్లలుగా ఉన్నాయి కదా, వాటి గురించి ఇంత ఎందుకని కొందరు అనవచ్చు. అమెరికాలో ఆకాశాన్ని కప్పేసేంత సంఖ్యలో ఒక జాతి పావురాలు ఉండేవి. వాటిలో చివరిది 1914 సెప్టెంబర్ 1న సిన్సినాటి జంతుప్రదర్శనశాలలో చచ్చిపోయింది.

ఇక ఇస్నాపూర్ కూలర్ సంగతి. ఆ దంపతులు ఆగారు. రేకులకు సున్నం పూశారు, పట్టాలు తడిపారు. భర్తకు నైట్ షిఫ్టు ఉన్న వారం పగలు నిద్ర లేక చాలా విసుక్కున్నాడని ఆమె దాచకుండా రాశారు. రెండు గుడ్లూ పిల్లలయ్యాయి. ఒక పిల్ల ఐదో రోజునో ఆరో రోజునో కింద పడి చచ్చిపోయింది, ఇంటి పెద్దపిల్ల దాన్ని వేపచెట్టు కింద పాతిపెట్టింది. రెండోది ఏప్రిల్ రెండో వారంలో ఎగిరి ప్రహరీ గోడ మీద వాలింది. ఆ సాయంత్రమే కూలర్‌లో కొత్త గడ్డి పెట్టారు.

వారం తిరగకముందే మళ్ళీ ఉత్తరం. కరెంటు పోయి కూలర్ ఆగిన ఒక మధ్యాహ్నం ఆ గువ్వే ముక్కున పుల్ల పట్టుకుని వచ్చి అదే చోట కూర్చుందట. ఇప్పుడేం చేయమంటారని ఆమె ప్రశ్న. గుడ్డు పెట్టకముందే పుల్లలు తీసేసి, కరెంటు రాగానే కూలర్ ఆన్ చేయమని ఈసారి వెంటనే రాశాం. ఆమె అలాగే చేశారు. గువ్వ రెండు రోజులు చుట్టూ తిరిగి, ఎదురింటివారి మీటరు డబ్బా మీద పుల్లలు పేర్చడం మొదలుపెట్టిందట. ఎదురింటివారి నుంచి మాకింకా ప్రశ్న రాలేదు.